ఎడమ కంబం మీద చప్పుడు

మంచు మీద హాకీ ఆడతారని నాకు అరవై దాటాక తెలిసింది. ఆడేవాడు నా మేనల్లుడు కావడం వల్ల తెలిసింది. ఆ దొరల దేశం వెళ్ళి వచ్చినవాళ్ళు వంతెనల గురించీ, కోటల గురించీ రాస్తుంటారు. నేను పుట్టిందే కోటలో. ఇప్పుడు దాన్ని పెళ్ళిళ్ళకు అద్దెకిస్తున్నారు. అందుకని టిక్కెట్టు కొనుక్కుని ఇంకొకరి కోట చూడాలనిపించలేదు. ఒక ఆట చూసి వచ్చాను. అది మాత్రం రాస్తాను.

రీడింగ్

మా పినతండ్రిగారి అబ్బాయి సూరిబాబు రీడింగ్‌లో సాఫ్ట్‌వేర్ కాంట్రాక్టరు. కొన్నాళ్ళు అతని ఫ్లాట్‌లో ఉండి వద్దామని వెళ్ళాను. పొద్దున్నే భార్యాభర్తలు చెరో దారిన పనికి పోతారు. వాళ్ళ అమ్మాయి నాతో ఇంగ్లీషులో మాట్లాడుతుంది, నేను తెలుగులో జవాబు చెబుతాను, ఇద్దరికీ సరిపోతుంది. మా నాగులవలసలో రెండిళ్ళ అవతల ఎవరు దగ్గినా మాకు తెలుస్తుంది. ఇక్కడ పక్క ఫ్లాట్‌లో మనిషి ఉన్నాడో లేడో తెలియదు. సాయంత్రం అవతలి గోడ వెనక దీపం స్విచ్ వేసిన చప్పుడు వినిపిస్తే ఉన్నాడనుకోవాలి.

ఒకరోజు ఎడిన్‌బర్గ్ నుంచి మా చెల్లెలు పద్మ ఫోన్ చేసింది. అక్కడ ఆసుపత్రిలో నర్సు. మా ఇంట్లో జీతం తెచ్చుకున్న మొదటి ఆడమనిషి తనే. భర్త పోయాక కొడుకు రఘుని ఒక్కతే పెంచింది. వాడు పెద్దయి అక్కడి సైన్యంలో చేరాడు.

“అన్నయ్యగారూ, రఘు మళ్ళీ ఆఫ్ఘనిస్తాన్ వెళ్తానంటున్నాడండి. ఈసారి వెళ్ళకపోయినా ఎవరూ ఏమీ అనరట. వీడే పేరిచ్చాడు. మీరొచ్చి వద్దని ఒక్క మాట చెప్పండి.”

“నా మాట వింటాడా?”

“మీరంటే వాడికి భయం.”

“నన్ను చూసింది చిన్నప్పుడు ఒక్కసారే కదా.”

“అందుకేనండి భయం.”

వస్తానన్నాను. వద్దని చెబుతానని మాత్రం అనలేదు. మా హాలులో వేలాడే కత్తి నాకు తెలిసి దసరాకు తప్ప ఒరలోంచి బయటికి రాలేదు. ఇన్నాళ్ళకు మా రక్తంలో ఒకడు నిజంగా యుద్ధానికి వెళ్ళి తిరిగి వచ్చాడు. వాణ్ణి ఆపడానికి నాకు నోరు వస్తుందా?

ఆ మాటే పైకంటే, “ఎవరి సైన్యంలో, అన్నయ్యగారూ?” అని సూరిబాబు నవ్వాడు.

“మన తాతగారు ఎవరికి కప్పం కట్టారో వాళ్ళ సైన్యంలోనే” అన్నాను.

ఈస్ట్ హామ్

దసరా రోజులు. పద్మ పసుపూ, కుంకుమా, గోంగూరా తెమ్మంది. మనవాళ్ళ కొట్లున్న ఈస్ట్ హామ్ బజారులో అవన్నీ దొరుకుతాయి. మా విజయనగరం సంతలో కంటే గోంగూర అక్కడ శుభ్రంగా ఉంది, ధర మాత్రం నోటితో చెప్పేలా లేదు. కట్ట రెండు పౌండ్లు. కట్ట అనడం కూడా మర్యాదకే.

కొట్లో నా ముందు నిలబడిన అమ్మాయి నా తెలుగు విని వెనక్కి తిరిగింది. గుంటూరు వైపు నుంచి వచ్చిందట, వృద్ధాశ్రమంలో కేర్ వర్కరు. వంతుల పట్టిక ప్రకారం మధ్యాహ్నం డ్యూటీ అనీ, బస్సు తప్పితే మేనేజరు ముఖం చిట్లిస్తుందనీ గబగబా చెప్పింది. నా మేనల్లుడు సైన్యంలో ఉన్నాడంటే ఆగింది.

“మా దగ్గర ఒక పెద్దాయన ఉన్నాడంకుల్. పాత సోల్జర్. భోజనాల దగ్గర పక్క కుర్చీలో ఎవర్నీ కూర్చోనివ్వడు. ఇప్పుడే వస్తాడు, ఉండండి అంటాడు.”

“ఎవరొస్తారు?”

“ఏమో అంకుల్. మొదట్లో సర్దిచెప్పేదాన్ని. ఇప్పుడు అక్కడ కూడా ఒక ప్లేటు పెట్టేస్తున్నా. మా పాస్టర్ గారికి తెలిస్తే తిడతారు.”

“ఆ ప్లేటు అలాగే ఉంటుందా?”

“ఉంటది. కాకపోతే ఫోర్కు ఎడంపక్కకి మారుంటది. పెద్దాయనే మారుస్తాడేమో, నేను చూడలా.” ఆమె సంచి సర్దుకుని బస్సుకు పరుగెత్తింది.

ఎడిన్‌బర్గ్

నేను దిగేసరికి అక్కడ ఊరు లేదు. స్టేషన్ మెట్లెక్కి పైకి వస్తే ఎదురుగా తెల్లటి గోడ. సముద్రం మీదనుంచి వచ్చే ఈ పొగమంచును అక్కడివాళ్ళు హార్ అంటారు. మన తెల్లవారుజాము మంచులా ఎండెక్కితే కరిగేది కాదు. పట్టపగలు వచ్చి కొండమీది కోటను తీసుకుపోయింది. నేనున్నన్నాళ్ళూ తిరిగి ఇవ్వలేదు. ఎక్కడో ఆ ఊరి తిత్తివాద్యం వాయిస్తున్నారు. ఎటునుంచో తెలియదు. నాలుగడుగులు వేస్తే చప్పుడు వెనక్కి వెళ్ళేది, ఇంకో నాలుగు వేస్తే ముందుకు వచ్చేది.

రఘు గుమ్మంలోనే కనిపించాడు. పొడగరి, వెడల్పాటి భుజాలు.

“నువ్వు బాగున్నావా మామయ్యా?”

మా ఇళ్ళలో పెద్దవాళ్ళను ‘నువ్వు’ అన్న పిల్లవాడు లేడు. పద్మ సిగ్గుపడి నా వంక చూసింది. వాడికి వచ్చిన తెలుగంతా తల్లి వాడితో మాట్లాడిన తెలుగే. అందులో ‘మీరు’ ఎక్కడుంటుంది? బాగున్నానన్నాను. ఆ తరవాత వాడు మాట్లాడింది దాదాపు ఇంగ్లీషే. మన మాటల్లో పెట్టి రాస్తున్నాను.

సాయంత్రం నన్ను వీధిలోకి తీసుకెళ్ళాడు. బంగాళదుంప ముక్కలు నూనెలో వేయించి, ఉప్పు చల్లి, గోధుమరంగు పుల్లటి సాసు పోసి కాగితంలో ఇస్తారు. నిలబడి తినడం నాకు అలవాటు లేదు. తడి బెంచీ ఒకటి వెతికి కూర్చునే తిన్నాను. తిరిగి వస్తూ, “పటాలంలో నీ హోదా ఏమిటి?” అని అడిగాను. జవాబు లేదు. మళ్ళీ అడిగాను. వాడు ముందుకే చూస్తూ నడుస్తున్నాడు. ఇంకోసారి అడిగి, ఇక నోరు మూసుకున్నాను. నా మాటకు జవాబు చెప్పకుండా నడిచినవాణ్ణి అదే మొదటిసారి చూడటం. ఆ పొగలో వాడి ఎడమపక్కన నడుస్తున్నది నేను కాదేమో, వాడికి నేను కనబడటం లేదేమో అని కూడా ఒక క్షణం అనిపించింది. దీపస్తంభం కింద వాడు ఇటు తిరిగి నా ముఖం చూశాడు.

“ఏమన్నా అన్నావా మామయ్యా?”

“ఏమీ లేదు” అన్నాను.

ఇంటికి వచ్చాక పద్మ వంటింట్లో గుసగుసగా అడిగింది. “చెప్పారా అండి?”

“రేపు చూద్దాం.”

సముద్రం ఒడ్డున రింకు

మర్నాడు మహర్నవమి. మా దివాణంలో ఆ రోజు ఆయుధపూజ తప్పదు. రఘు తుపాకి క్యాంపులో ఉంటుంది, ఇంటికి తీసుకురానివ్వరు. “మరి నీ దగ్గరున్న ఆయుధాలేవి?” అంటే హాకీ సామాను సంచి చూపించి నవ్వాడు. ఆ మధ్యాహ్నమే వాళ్ళ పటాలం జట్టుకి పక్కనున్న ఒక ఊరి క్లబ్బుతో ఆట. పద్మకు డ్యూటీ ఉంది. పసుపూ కుంకుమా పొట్లాలు కోటు జేబులో వేసుకుని నేను వాడి కారెక్కాను.

ఆ ఊరు పాత ఓడరేవు. రింకంటే పెద్ద గిడ్డంగి లాంటి షెడ్డు, లోపల గచ్చంతా మంచు. రబ్బరు బిళ్ళను కర్రలతో కొడుతూ, కత్తుల్లాంటి ఇనుము బిగించిన బూట్లతో జారుతూ ఆడతారు. రఘు గోలీ, అంటే గోలు కాచేవాడు. ముఖానికి ఇనుప ఊచల ముసుగు, కాళ్ళకు పరుపుల్లాంటి కట్లు, కుడిచేతిలో కర్ర, ఎడమచేతికి బిళ్ళ పట్టే పెద్ద తొడుగు. కవచం తొడిగిన మనిషిని బొమ్మల్లో తప్ప నేను అదే మొదటిసారి చూడటం. చొక్కా వెనక ‘రాజు’ అని రాసి ఉంది.

డ్రెస్సింగ్ గదిలో ఆటగాళ్ళందరూ సైనికులే. రఘు నన్ను పరిచయం చేసి, మా ఆచారం సంగతి చెప్పాడు. నవ్వుతారనుకున్నాను. ఒక్కొక్కరే లేచి కర్ర చాపారు. ఒక్కోదానికీ కుంకుమబొట్టు పెట్టాను, రఘు ముసుగుకీ పెట్టాను.

“రక్తంలా ఉంది” అన్నాడొకడు.

“నీ ఆటకి అదొక్కటే తక్కువ” అన్నాడు ఈవాన్. ఎర్రజుట్టు కార్పొరల్. రఘుకి ఎడమపక్కన కాపు కాసేది అతనే.

గుమ్మం పక్కన ఇంకొక కర్ర గోడకు ఆనించి ఉంది. ఎవరూ తీసుకోలేదు. గదిలో ఒక్క ఆయుధం పూజ లేకుండా మిగిలినా కీడని మా నాయనమ్మ అనేవారు. కుంకుమ అయిపోయింది. తడిచేత్తో పసుపు కలిపి ఆ కర్ర కొసకు పూశాను. వెనక్కి తిరిగేసరికి బూట్లు బిగిస్తున్న చేతులు ఆగిపోయి ఉన్నాయి.

“అది కామ్‌ది, సర్” అన్నాడు ఈవాన్. “దాన్ని మేమెవరం చేత్తో ముట్టుకోం. బయటికి వెళ్తూ తొడుగుతో ఒకసారి తడతాం, అంతే.”

కామ్ ఈ ఊరివాడే. పోయినసారి యుద్ధంలో, రఘు పక్కన నడుస్తుండగా బాంబు పేలి చనిపోయాడు. అంతకుముందు జట్టులో ఎడమపక్క కాపు అతనిదే. నేను క్షమించమన్నాను. నా జీవితంలో ఆ మాట ఎక్కువసార్లు అనలేదు.

“ఫరవాలేదు. వాడికి రంగులంటే పిచ్చి” అని ఈవాన్ నా భుజం తట్టాడు. తరవాత, నాకు తెలుసుననుకుని కాబోలు, మామూలుగా అన్నాడు. “మీ అబ్బాయికి ఎడం చెవి వినబడదు కదా. గోలు వెనకనుంచి ఎడంపక్కకి ఎవడైనా వస్తుంటే నేను ఆ పక్క గోలు కంబం మీద కర్రతో రెండుసార్లు తడతాను. కంబానికి ఆనించిన కాలికి తెలుస్తుంది వాడికి. అప్పట్లో ఊరికే అలవాటుగా కామ్ తట్టేవాడు, వాడు చనిపోయాక ఆ పని నాది.”

రఘు తల ఎత్తాడు. గదిలోంచి నన్ను నడవాలోకి తీసుకొచ్చాడు.

“అమ్మకి చెప్పకు.”

“ఆ పేలుడులోనేనా?”

“అవును. మాట వినబడుతుంది మామయ్యా, కుడిచెవితో. ఎటునుంచో తెలీదు.”

“సైన్యంలో చెవి పరీక్ష చెయ్యరా?”

“చేస్తారు. చప్పుడు వచ్చినప్పుడు బటన్ నొక్కాలి. గది గాజులో పరీక్ష చేసేవాళ్ళ చెయ్యి కదలడం కనబడుతుంది. అది చూసి నొక్కాను.”

నేను ఆలోచించుకున్నది కొద్దిసేపే. ఒకరి రహస్యం ఇంకొకరి చెవిన వెయ్యడం మా ఇంటా వంటా లేదు. “నేను చెప్పను. గౌరవంగా వెళ్ళి రా” అన్నాను. పద్మ ఏ మాట చెప్పమని నన్ను పిలిపించిందో, దానికి సరిగ్గా వ్యతిరేకమైన మాట అది.

పొగలో ఆట

కౌంటరులో ముసలావిడ కప్పులో వేడివేడిగా ఏదో పోసి, “ఇదిగో తీసుకో కొడుకా” అంది. నాకంటే పెద్దది కాదు. టీ అనుకుని నోటి దాకా తెచ్చాక వాసన తేడాగా ఉంది. గొడ్డుమాంసపు రసమట. అక్కడే పెట్టేసి, గోలు వెనక గాజు అడ్డం దగ్గర బెంచీ మీద కూర్చున్నాను.

ఆట మొదలైన కాసేపటికి ఎవరో సముద్రం వైపు తలుపు తెరిచారు. హార్ లోపలికి వచ్చింది. చల్లటి గచ్చు మీద పడుకుని, నడుము ఎత్తుకు లేచి, అక్కడే నిలిచిపోయింది. ఆటగాళ్ళ మొండేలు మాత్రం పైన తేలుతున్నాయి. మా ఊళ్ళో దయ్యాలకు పాదాలు వెనక్కి తిరిగి ఉంటాయంటారు. వీళ్ళకు పాదాలే లేవు. బిళ్ళ కనబడక రిఫరీ ఈల వేశాడు.

అప్పుడు రెండు జట్లూ కలిసి రింకు చుట్టూ తిరగడం మొదలుపెట్టాయి. పొగ చెదరడానికి ఇక్కడ అలాగే చేస్తారని పక్కనున్న ఆయన చెప్పాడు. మంచును ఇనుము కోసే చప్పుడు ఒక్కటే. ఒకరి వెనక ఒకరు, ప్రదక్షిణం చేస్తున్నట్టు. రఘు మాత్రం గోలు ముందు కదలకుండా నిలబడ్డాడు. వాళ్ళు నా ముందునుంచి వెళ్ళిన ప్రతిసారీ వరుస చివర కొంచెం ఖాళీ, ఆ ఖాళీ వెనక మళ్ళీ ఇనుము చప్పుడు. చివరివాడు వెనకబడి ఉంటాడనుకున్నాను. వాడు దాటడం ఎప్పుడూ చూడలేదు.

పొగ సగం చెదిరాక ఆట సాగింది. ఈవాన్ ఎవరినో పడగొట్టాడు. రెండు నిమిషాలు బయట కూర్చోమని రిఫరీ అతన్ని అవతలి పక్క శిక్షల బెంచీకి పంపాడు. రఘు ఎడమపక్క కాపు లేదు. క్లబ్బువాళ్ళు అది కనిపెట్టారు. ఒకడు బిళ్ళ తీసుకుని పొగలోకి దిగి గోలు వెనక్కి మాయమయ్యాడు. ముందునుంచి మనవాళ్ళు అరుస్తున్నారు. రఘు కుడికి తిరిగాడు. వాడికి అరుపు అటునుంచి వినబడింది కాబోలు.

అప్పుడు ఎడమ కంబం మీద తట్టిన చప్పుడు. టక్, టక్. కర్ర ఇనుము మీద పడినట్టు. నేను ఆ కంబానికి రెండు బారల దూరంలో ఉన్నాను. అక్కడ పొగ తప్ప ఏమీ లేదు.

రఘు ఒక్కసారిగా ఎడమకు పడిపోయాడు. అదే క్షణాన పొగలోంచి వచ్చిన బిళ్ళ వాడి తొడుగులో పడింది.

ఆట ముగిశాక గాజు పక్కన తలుపు తీసి నన్ను మంచు అంచు దాకా రానిచ్చారు. రఘు ముసుగు ఎత్తి, “థాంక్స్ ఈవాన్, ఆ తట్టు లేకపోతే పోయేది” అన్నాడు.

“ఏ తట్టు? నేను శిక్షల బెంచీ మీద ఉన్నాను కదరా.”

“మరెవరు?”

మిగిలినవాళ్ళు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. అందరూ ముందువైపే ఉన్నారు. నేను విన్నానని చెప్పాను. ఒకడు ఏదో పరిహాసం ఆడబోయి మానేశాడు. రఘు వంగి ఎడమ కంబం చూశాడు. ఎర్రరంగు వేసిన ఇనుము మీద, మోకాలి ఎత్తున, పసుపు మరక. వాడి తొడుగునుంచి అంటుకుని ఉండవచ్చు. బయటికి వస్తూ అందరూ ఆ కర్రను తొడుగుతో తట్టే వచ్చారు కదా. నేను ఆ మాటే అన్నాను. రఘు తొడుగు తిప్పి చూశాడు. అరచెయ్యంతా నల్లగా శుభ్రంగా ఉంది.

“చెమటకి పోయిందేమో” అన్నాను.

“పోయిందేమో” అన్నాడు.

ఇంటికి బయల్దేరాం. కారు దీపాల ముందు రోడ్డు కొంచెం కొంచెంగా పుడుతున్నట్టుంది.

“రేపు మెడికల్ ఆఫీసర్ దగ్గరికి వెళ్తాను” అన్నాడు.

“ఎందుకు? నేను ఎవరికీ చెప్పనన్నాను కదా.”

“నీ గురించి కాదు మామయ్యా. అక్కడ పొలాల్లో నడుస్తాం, మా దళంలో నేను ముందు ఉంటాను. కాల్పులు మొదలైతే ఎటునుంచో నేనే చూపించాలి. ఇవాళ తప్పు పక్కకి తిరిగాను.”

“చివరికి పట్టుకున్నావు.”

“ఎవరో తట్టారు కాబట్టి.”

“అది మన భ్రమ కావచ్చు.”

“కావచ్చు. భ్రమని నమ్ముకుని బిళ్ళ పట్టినవాడి వెనక నీ పిల్లల్ని నడిపిస్తావా?”

దివాణం, కత్తి, వంశం, అన్నీ నోటి దాకా వచ్చాయి. మింగేసుకుని అద్దం మీది ఆవిరి తుడుస్తూ కూర్చున్నాను.

క్యాంపు గేటు

మర్నాడు నన్ను లోపలికి రానివ్వలేదు. గేటు దగ్గర కాపలా కుర్రాడు కుర్చీ వేస్తానన్నాడు, వద్దని నిలబడ్డాను. రఘు యూనిఫాంలో, బెల్టు బిగించుకుని, తలెత్తుకుని నడిచి వెళ్ళాడు. కొద్ది అడుగులకే హార్ వాణ్ణి మింగేసింది. బూట్ల చప్పుడు మాత్రం కొంతసేపు వినిపించింది. మా ఇంటి సైనికుణ్ణి ఆ వేషంలో మళ్ళీ చూస్తానో లేదోనని అటే చూస్తూ నిలబడ్డాను. ఆపడానికని వచ్చిన మనిషి ఆపలేదు. పంపాలనుకున్న మనిషి పంపలేకపోయాడు. ఆ ఇద్దరూ నేనే.

మధ్యాహ్నానికి తిరిగి వచ్చాడు.

“గాజు వైపు వీపు పెట్టి కూర్చుంటానని నేనే అడిగాను. యుద్ధానికి వెళ్ళేవాళ్ళ లిస్టులోంచి తీసేశారు. ఉద్యోగం సంగతి తరవాత మెడికల్ బోర్డు చూస్తుందట.”

“ఉంచుతారా?”

“తెలీదు.” కొంచెం ఆగి, “నిద్ర వస్తోంది మామయ్యా” అన్నాడు. కారెక్కి, సీటు వెనక్కి వాల్చి, అక్కడే నిద్రపోయాడు.

నేను బయట నిలబడి పద్మకు ఫోన్ చేశాను. వార్డు చప్పుళ్ళ మధ్యనుంచి పలికింది.

“వెళ్తున్నాడా అండి?”

“లేదు. వెళ్ళడం లేదు.” చెవి సంగతి వాడే చెబుతానన్నాడు కాబట్టి ఎత్తలేదు.

“మీరు చెప్తే వింటాడని నాకు తెలుసు అన్నయ్యగారూ.”

అబద్ధాన్ని నా పేరు మీద రాసుకోలేను. “చెప్పింది నేను కాదు, పద్మా. వాడి స్నేహితుడు.”

“ఎవరు, ఈవానా?”

“కాదు.”

ఎవరో సిస్టర్ అని పిలిస్తే ఒక్క నిమిషం అంది వాళ్ళతో. కామ్‌ను పాతిపెట్టిన రోజు పద్మ కూడా వెళ్ళి ఆ తల్లి పక్కన నిలబడిందని రఘు నాకు ముందే చెప్పాడు.

“అయితే వాళ్ళమ్మకి ఒకసారి ఫోన్ చేసి చెప్పాలండి” అంది పద్మ.